నిశ్చయానికీ తాళికీ నడుమ: సావిత్రి వేసిన పెళ్లికూతుళ్లు

(సావిత్రి స్మృతిలో చంద్రపూర్ తెలుగువారి సభలో చేసిన ఉపన్యాసం పాఠం)

సావిత్రి పేరు మీద జరిగే సభల్లో మాట ఆమె నటన దగ్గర మొదలై ఆమె కష్టాల దగ్గర తేలడం మనకు అలవాటైపోయింది. 1981 డిసెంబరు 26న ఆమె కన్నుమూసిన తీరు, అంతకుముందు నెలల తరబడి స్పృహ లేకుండా మంచాన పడి ఉన్న సంగతి, కరిగిపోయిన ఆస్తులు, చెదిరిన సంసారం, అన్నీ మనకు కంఠతా వచ్చు. 2018లో ‘మహానటి’ సినిమా వచ్చాక కొత్త తరానికీ వచ్చాయి. ఆ బాధ చిన్నదని నేననను. అయితే ఒక కళాకారిణి చేసిన పనిని ఆమె పడ్డ కష్టాలతో కప్పేస్తే మనం అర్పించే నివాళి సగమే అవుతుంది. అందుకని ఈ ఉపన్యాసాన్ని ఆమె పనికే, అందులోనూ ఒక్క కోణానికే కేటాయిస్తున్నాను. తెలుగు తెర మీద ఆమె ఎన్నోసార్లు పెళ్లి కావలసిన పిల్లగా కనిపించింది. సంబంధం కుదిరింది, ముహూర్తం ఇంకా రాలేదు. ఆ నాలుగు రోజుల్లో పిల్ల మనసులో ఏం జరుగుతోందో కథ చెప్పదు, ఇంట్లో ఎవరూ అడగరు. ఎవరూ అడగని ఆ ప్రశ్నను సావిత్రి తన ముఖంతో అడిగింది, జవాబూ తనే చెప్పింది. రచయిత కాగితం మీద పెట్టని ఒప్పుకోలును, ఒప్పుకోకపోవడాన్ని కూడా ప్రేక్షకుడు చదువుకోగలిగేలా చేసింది. ఆమె కీర్తిలో ఇల్లాలి పాత్రల వాటా పెద్దదే గాని, ఆమె కళలోని అసలు సాహసం ఈ పెళ్లికూతుళ్లలోనే ఉందని నా వాదన.

ఈ వాదన బరువు తెలియాలంటే ఆ మౌనం ఎంత పాతదో ముందు చూడాలి. గురజాడ ‘కన్యాశుల్కం’ 1892లో విజయనగరంలో తొలిసారి ప్రదర్శితమై, 1897లో అచ్చయింది. తొలి ముద్రణ పీఠికలో గురజాడ కొన్ని లెక్కలిచ్చాడు. మహారాజు ఆనంద గజపతి విశాఖపట్నం జిల్లాలో మూడేళ్లలో జరిగిన కన్యాశుల్కపు పెళ్లిళ్ల జాబితా తయారు చేయిస్తే 1034 తేలాయి. అందులో 99 మంది ఐదేళ్ల పిల్లలు. ముగ్గురి వయసు ఒక్క ఏడాది. ఇంచుమించు అదే కాలంలో మహారాష్ట్రలో గోవింద బల్లాళ్ దేవల్ ‘సంగీత శారద’ రాశాడు. 1899లో రంగస్థలమెక్కిన ఆ నాటకానికీ, డబ్బు కోసం ముసలివాడికి కట్టబెట్టబోయే పిల్లే కేంద్రం. ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీ అయిన చంద్రపూర్, బల్లార్‌పూర్, రాజురా వాళ్లకు ఈ రెండు నాటకాలూ సొంతమే. రెంటినీ పక్కపక్కన పెట్టి చదవగలిగే అదృష్టం హైదరాబాదులోనో పుణెలోనో ఉన్నవాళ్లలో ఎందరికి ఉంటుంది? కన్యాశుల్కంలో పసిపిల్ల సుబ్బిని తప్పించడానికి ఆడవేషం వేసిన మగపిల్లాణ్ని ముసలి లుబ్ధావధాన్లకు అంటగడతారు. సుబ్బి గండం గడిచింది, కాని ఆ పిల్ల నోట ఒక్క మాటైనా రాలేదు. చట్టం సంగతీ అలాగే నడిచింది. 1929 నాటి శారదా చట్టం పిల్లకు 14 ఏళ్లుండాలంది. 1955 హిందూ వివాహ చట్టం ఆ వయసును 15 దగ్గర పెట్టి, 18 నిండని వధువు విషయంలో సంరక్షకుడి సమ్మతి కావాలంది. బలవంతానో మోసానో ఒప్పించిన పెళ్లిని రద్దు చేయించుకునే దారి చూపింది గాని, ముందుగా పిల్లనే అడిగి తీరాలని పెళ్లి షరతుల్లో ఎక్కడా రాయలేదు. వధువు వయసు 18కి పెరిగి, ఆ సంరక్షకుడి సమ్మతి మాట తొలగిపోవడానికి 1978 దాకా ఆగాల్సి వచ్చింది. సావిత్రి తెర మీద పెళ్లికూతురుగా వెలిగిన కాలమంతా 1955, 1978 అనే ఈ రెండు తేదీల నడుమే, కొంచెం అటూ ఇటూగా ఉంది.

ఇక పెళ్లిచూపుల తతంగం. మరాఠీ ఇళ్లలో కాందేపోహే పళ్లెం, మన ఇళ్లలో కాఫీ గ్లాసుల పళ్లెం. పట్టుకొచ్చే పిల్ల పరిస్థితి ఒకటే. తల వంచుకుని కూర్చుంటుంది, వచ్చినవాళ్లు చూస్తారు, ఒక పాట పాడమంటారు, నాలుగడుగులు నడవమంటారు. సినిమా ఈ తతంగాన్ని ఎత్తుకున్నప్పుడు కెమెరాను తీసుకెళ్లి మగపెళ్లివారి పక్కన కూర్చోబెట్టింది. పిల్ల వైపు నుంచి చూడడం దానికి చాలాకాలం అలవాటు కాలేదు. 1939లో సి. పుల్లయ్య తీసిన ‘వరవిక్రయం’తో భానుమతి వెండితెరకు వచ్చింది, ఆమె వేసిన కాళింది కట్నం బేరంతో కుదిరిన పెళ్లిని తప్పించుకోవడానికి ప్రాణం తీసుకుంటుంది. అంతకు రెండేళ్ల ముందు శాంతారాం ‘కుంకూ’లో శాంతా ఆప్టే వేసిన నీరా, మోసంతో ముసలివాడికి భార్యనైనా కాపురం మాత్రం చెయ్యనని ఎదురు తిరుగుతుంది. భారతీయ సినిమాలో ఆ తిరుగుబాటుకు ఈనాటికీ వన్నె తగ్గలేదు. అయితే అదీ మంగళసూత్రం పడ్డాక జరిగిన తిరుగుబాటే. తాళికి ముందు చావు, తాళి తర్వాత పోరాటం, ఈ రెండే తెలిసిన తెర అది. పిల్ల బతికుండగా, పెళ్లికి ముందే తన మనసు చెప్పుకునే చోటు అందులో లేదు. చిర్రావూరు నుంచి నాటకాలూ నాట్యమూ నేర్చుకుని మద్రాసు చేరిన సావిత్రి అడుగు పెట్టింది అక్కడికి.

మొదట్లో ఆమెకు దక్కినవి చిన్న వేషాలే. 1950లో ‘సంసారం’లో పెద్ద పాత్ర చేజారి చిన్నది మిగిలింది. 1951లో ‘పాతాళభైరవి’లో ఒక నాట్యం. 1952 నాటి ‘పెళ్లిచేసి చూడు’ కట్నం బాకీ కారణంగా పీటల మీది పెళ్లికొడుకును తండ్రి లేపుకుపోయే కథ. అందులో ఆ పెళ్లికూతురు జి. వరలక్ష్మి, సావిత్రి జోగారావు సరసన రెండో జంట. మరుసటి ఏడాది వేదాంతం రాఘవయ్య ‘దేవదాసు’లో పార్వతి అయ్యేనాటికి ఆమెకు ఇరవై ఏళ్లు నిండలేదు. శరత్ నవల నుంచి వచ్చిన ఆ కథలో పార్వతి అర్ధరాత్రి ఒంటరిగా దేవదాసు గదికి వెళ్లి, తనను చేసుకోమని తనే అడుగుతుంది. మన కథల్లో అంత తెగింపు ఉన్న పెళ్లిపిల్ల అరుదు. ఆ దృశ్యాన్ని వేడుకోలుగా చేసెయ్యడం నటికి సులువు. ఏడుపు గొంతు, జోడించిన చేతులు చాలు. సావిత్రి పార్వతిలో వేడుకోలు కంటే నమ్మకం ఎక్కువ. ఊరు నిద్రపోయిన వేళ వచ్చినందుకు సిగ్గు పడవలసిన పని లేదన్న నిబ్బరం ఆమె నిలబడిన తీరులో ఉంటుంది. అతను జంకినప్పుడు ఆ ముఖంలో కదిలేది సంబంధం తప్పిపోయిందన్న దుఃఖం మాత్రమే అనిపించదు. ఇతనింతేనా అన్న తెలివిడి కూడా అందులో ఉంది. ఆ తర్వాత అతను తిరిగొచ్చి చేసుకుంటానన్నప్పుడు ఆమె పొగరుగా కాదంటుంది, దెబ్బ తింటుంది, ఆ మచ్చతోనే ఎదిగిన పిల్లలున్న దుర్గాపురం జమీందారుకు భార్యగా వెళుతుంది. సినిమా మొత్తం దేవదాసు నాశనం చుట్టూ తిరుగుతుంది. ప్రేక్షకుల కన్నీళ్లన్నీ దేవదాసు వేసిన నాగేశ్వరరావుకే. పార్వతికి కథ మిగిల్చిన మాటలు కొద్ది. ఆ కొద్దిలోనే ఈమె పోగొట్టుకున్నదీ తక్కువేం కాదని సావిత్రి గుర్తు చేస్తూ ఉంటుంది. అడిగిన రాత్రి నాటి నిబ్బరాన్ని ముందే చూసి ఉన్నాం గనక, పల్లకీ ఎక్కే పార్వతి మౌనాన్ని ఇక సమ్మతి అనుకోలేం.

‘మిస్సమ్మ’ దీనికి పూర్తిగా మరో కొస. 1955 సంక్రాంతికి వచ్చిన ఆ సినిమాను నవ్వుల సినిమాగానే చూస్తాం గాని, దాని పునాదిలో ఉన్నది అప్పు. మేరీ తల్లిదండ్రులు డేవిడ్‌కు బాకీ పడ్డారు. ఆ బాకీని చూపి అతను మేరీని చేసుకోవాలని పట్టుబడతాడు. రమణారెడ్డి ఆ వేషాన్ని ఎంత నవ్వించేలా చేసినా, ఆ బేరానికీ లుబ్ధావధాన్ల బేరానికీ తేడా కొద్దే. మేరీ దీని నుంచి తప్పించుకునే దారి ఉద్యోగం. భార్యాభర్తలైన ఉపాధ్యాయులే కావాలన్నారు గనక, ముక్కూ మొహం తెలియని ఎం.టి. రావుకు భార్యగా నటించడానికి ఒప్పుకుంటుంది. ఇక్కడ కథ తనకు తెలియకుండానే ఒక అపూర్వమైన పని చేసింది. తాళి లేకుండా, నిశ్చయం కూడా లేకుండా, ఒక పిల్లను ఒక మగవాడితో ఒకే ఇంట్లో పెట్టి, అతన్ని చూసి తూచుకునే వ్యవధి ఇచ్చింది. పెళ్లిచూపుల్లో అరగంట కూడా దొరకని పిల్లకు ఇది పెద్ద వరం. ఆ వ్యవధిని సావిత్రి చిరాకుతో నింపింది. మేరీ ప్రతి చిన్నదానికీ విసుక్కుంటుంది, గదమాయిస్తుంది, బొట్టు పెట్టుకోమంటే మండిపడుతుంది, రావు తమకు ఉద్యోగమిచ్చినవారి కూతురు సీతకు సంగీతం నేర్పుతుంటే మరింత మండిపడుతుంది. ఆ విసుగు కొద్దికొద్దిగా రంగు మారి మమకారం కావడం ఒక్క దృశ్యంలో జరగదు. సినిమా సగభాగం పొడుగునా సాగుతుంది. చివర పెళ్లికి ఆమె ఒప్పుకుందని మనం నమ్ముతున్నామంటే, అంతకాలం ఒప్పుకోకుండా ఉండే హక్కును ఆమె వాడుకోవడం కళ్లారా చూశాం గనకే.

‘మాయాబజార్’ దగ్గర ఆగి మాట్లాడాలి. 1957 మార్చి 27న విడుదలైన ఆ సినిమాలో శశిరేఖకు పెళ్లి ఒకసారి కాదు, రెండుసార్లు నిశ్చయమవుతుంది. చిన్నప్పుడు అభిమన్యుడికి ఇస్తామన్నారు. పాండవులు రాజ్యం పోగొట్టుకున్నాక, శకుని వేసిన ఎత్తుకు తలొగ్గి దుర్యోధనుడి కొడుకు లక్ష్మణకుమారుడికి ఇస్తామన్నారు. రెండు నిశ్చయాలూ పెద్దలవే. రేవతి సంపద లెక్క చూసింది, బలరాముడు శిష్యవాత్సల్యం చూశాడు, దుర్యోధనుడు రాబోయే యుద్ధంలో బలరాముడి బలం చూశాడు. పురాణగాథలా కనిపించే ఈ ఇంటి వ్యవహారం ఆనాటి ఏ మధ్యతరగతి తెలుగింట్లోనైనా జరిగేదే. ఈ కథలో రచయిత పింగళి, దర్శకుడు కె.వి. రెడ్డి ప్రియదర్శిని అనే పేటిక పెట్టారు. మూత తెరిచి చూసినవారికి తమ మనసులో ఉన్నవారు అందులో కనిపిస్తారు. శశిరేఖ తెరిస్తే అభిమన్యుడు కనిపించాడు. పెళ్లిచూపుల తతంగం ఇక్కడ తలకిందులైంది: పిల్ల చూస్తోంది, వరుడు కనిపిస్తున్నాడు. తల వంచుకోవలసిన పిల్ల కళ్లెత్తి, తనకు కావలసినవాణ్ని తనివితీరా చూస్తుంది. సావిత్రి కళ్లకు ఇంతకంటే తగిన అవకాశం ఏ రచయితా ఇచ్చి ఉండడు. ఆ పేటిక ముందు ఆమె ముఖంలో మొదట కుతూహలం, పట్టుబడతానేమోనన్న బెదురు, తర్వాత ఇక ఎవరేమనుకున్నా సరేనన్న వెలుగు వరసగా వస్తాయి. ఇంట్లో ఎవరూ అడగకపోయినా ప్రేక్షకుడికి జవాబు అందింది.

తర్వాతి ఘట్టం ఇంకా లోతైనది. ఘటోత్కచుడు నిద్రపోతున్న శశిరేఖను పాన్పుతో సహా తరలించి, తనే శశిరేఖ రూపం ధరించి ద్వారకలో పెళ్లికూతురై కూర్చుంటాడు. కన్యాశుల్కంలో సుబ్బి చోట మగపిల్లాణ్ని పెట్టినట్టే ఇక్కడ శశిరేఖ చోట రాక్షసుణ్ని పెట్టారు. అసలు పిల్ల కోపం చూపకుండానే గండం గట్టెక్కుతుంది. నాటకానికీ సినిమాకీ ఒక తేడా ఉంది. నాటకంలో ఆ మారువేషపు శరీరం వేరే మనిషిది. సినిమాలో ఘటోత్కచుడిగా ఎస్.వి. రంగారావు ఉన్నా, పెళ్లికూతురి వేషంలో ఉన్న ఘటోత్కచుడిగా మన ముందుకొచ్చింది సావిత్రే. రంగారావు భారీ నడక, భుజాల విరుపు, కనుబొమల ఎగురవేత, మీసం దువ్వబోయే చెయ్యి, అన్నిటినీ ఆమె పెళ్లిచీర కట్టుకుని చేసింది. పెళ్లికూతురి పాటలో సుశీల గొంతు మధ్యలో ఘంటసాల గొంతు తొంగిచూస్తుంటే, ఆమె ముఖం రెప్పపాటులో ఆడపిల్ల నుంచి అసురుడికీ, అసురుడి నుంచి ఆడపిల్లకూ మారుతుంది. పీటల మీద వరుడి కాలు తొక్కేటప్పుడు పగలబడి నవ్వే ప్రేక్షకుడికి కథ ప్రకారం ఆ కాలు ఘటోత్కచుడిది. కంటికి కనిపించేది మాత్రం పారాణి పెట్టిన పెళ్లికూతురి కాలు. నచ్చని వరుణ్ని పీటల మీదే కాలితో తొక్కే పెళ్లికూతుర్ని తెలుగువాళ్లు మొట్టమొదట కళ్లారా చూసింది అక్కడే అంటే అతిశయోక్తి కాదని నా నమ్మకం. శశిరేఖకు ఇవ్వడానికి కథ జంకిన కోపాన్ని ఆమె శరీరంతోనే, మాయ చాటున, సావిత్రి బయటికి తెచ్చింది. 2010లో రంగులద్ది మళ్లీ విడుదల చేసినప్పుడు కూడా హాళ్లు ఆ ఘట్టానికే హోరెత్తాయంటే అర్థం చేసుకోవచ్చు.

ఇక్కడ జపాన్ నటి సెత్సుకో హరాను పక్కన నిలబెట్టి చూస్తే సావిత్రి చేసిన పని మరింత స్పష్టమవుతుంది. 1920లో యోకహామాలో పుట్టిన హరా 1935లో సినిమాల్లోకి వచ్చింది. 1937లో జర్మన్ దర్శకుడు ఆర్నాల్డ్ ఫాంక్‌తో కలిసి జపాన్ వాళ్లు తీసిన సినిమాలో, విదేశం నుంచి తిరిగొచ్చిన కాబోయే భర్త వెనకాడితే పెళ్లి కిమోనోతో అగ్నిపర్వతం ఎక్కే పిల్ల ఆమె. వరవిక్రయం కాళిందికి అక్క వరస. యుద్ధం ముగిసి 1947లో కొత్త రాజ్యాంగం అమల్లోకి వచ్చింది. దాని 24వ అధికరణం స్త్రీపురుషులిద్దరి సమ్మతి మీదే పెళ్లి నిలబడాలంది. మన చట్టం రాయని మాట అక్కడ రాజ్యాంగంలోనే ఉంది. రెండేళ్లకు, 1949లో, యసుజిరో ఓజు ‘లేట్ స్ప్రింగ్’ తీశాడు. 27 ఏళ్ల నోరికో తండ్రితోనే ఉండిపోవాలనుకుంటుంది. తను మళ్లీ పెళ్లి చేసుకుంటున్నానని తండ్రి అబద్ధమాడి ఆమెను పెళ్లికి ఒప్పిస్తాడు. ఒక నో నాటకం చూస్తూ తండ్రి అవతల కూర్చున్న వితంతువుకు తల పంకించడం ఆమె గమనిస్తుంది. మాట లేదు, ఏడుపు లేదు. చిరునవ్వుతో వచ్చిన ముఖం ఆ దృశ్యం ముగిసేసరికి బూడిదరంగుకు తిరుగుతుంది. చట్టం సమ్మతిని హక్కు చేశాక కూడా ఆ సమ్మతిని ఎంత మెత్తగా పిండి తీసుకోవచ్చో చెప్పే ముఖం అది. వరుణ్ని ఓజు ఒక్కసారైనా చూపడు, పెళ్లీ చూపడు. 1951 నాటి ‘ఎర్లీ సమ్మర్’లో మరో నోరికో, ఇంట్లోవాళ్లు తెచ్చిన సంబంధాన్ని కాదని, బిడ్డ ఉన్న పక్కింటి విధురుణ్ని చేసుకుంటానని అతని తల్లి ఎదుటే తేల్చి చెబుతుంది. ఆ నోరికోకు మన మిస్సమ్మ చెల్లెలు. ఇద్దరు నటులూ ఒకరినొకరు ఎరగరు, ఇద్దరి పద్ధతులూ వేరు. హరా దాచుకుంటుంది, ఆమె చిరునవ్వు తెర, దాని వెనక ఏముందో మనమే వెతుక్కోవాలి. సావిత్రి దాచుకోవడాన్ని కూడా చూపిస్తుంది; ఏం దాస్తోందో, ఎవరి నుంచి దాస్తోందో మనకు తెలియనిస్తుంది. సంగీతం, హాస్యం, తారల వైభవం మధ్య, గోల చేసే హాలులో కడపటి బెంచీ దాకా అందాలి గనక ఆమెకు ఆ దారే సరైనది.

దీనికి రాగల అభ్యంతరాల్లో మొదటిది: ఇదంతా రచయితలు పింగళి, చక్రపాణి, దర్శకులు ఎల్.వి. ప్రసాద్, కె.వి. రెడ్డిల గొప్పతనం కదా, నటికి ఎందుకు కట్టబెడుతున్నారు? న్యాయమైన ప్రశ్నే. దీన్ని తేల్చుకోవడానికి అదృష్టవశాత్తూ ఒక ఆధారం ఉంది. మిస్సమ్మ పాత్రకు ముందు భానుమతిని తీసుకున్నారు; ఆమె తప్పుకున్నాక అది సావిత్రికి వచ్చింది. అదే కథను 1957లో ఎల్.వి. ప్రసాదే హిందీలో ‘మిస్ మేరీ’గా తీశాడు, మేరీ మీనాకుమారి. కథ అదే, దర్శకుడు అతనే. మీనాకుమారి సామర్థ్యం గురించి రెండో మాట లేదు, అయినా ఆ మేరీలో విసుగు మెత్తబడింది. ఆమె కోపగించుకున్నప్పుడు కూడా రాజీ పడుతుందని మొదటే తెలిసిపోతుంది. తెలుగు మేరీ విషయంలో ఆ ధీమా చాలాసేపటిదాకా రాదు. ఎత్తుగడ రచయితదీ దర్శకుడిదీ, కాదనను. ఆ ఎత్తుగడలో పిల్లకు ‘వద్దు’ అనే బలం ఉందా లేదా అన్నది నటి మీదే ఆధారపడిందని ఈ రెండు సినిమాలూ పక్కపక్కన చూస్తే తెలుస్తుంది.

రెండో అభ్యంతరం దీనికంటే గట్టిది. ఈ సినిమాలన్నీ చివరికి పెద్దల మాటే నెగ్గిస్తాయి కదా అంటారు. నిజమే. మన కథలకు ఒక ఉపాయం బాగా పట్టుబడింది: పిల్ల కోరుకున్నవాడూ పెద్దలు కుదిర్చినవాడూ ఒకడేనని చివర్లో తేల్చడం. 1959 ‘మాంగల్యబలం’లో చిన్ననాడే పెళ్లి అయిపోయిన అమ్మాయి, పెద్దయ్యాక మనసు పడ్డవాడే ఆ భర్త అని తెలుసుకుంటుంది. 1966 ‘నవరాత్రి’లో చూడ్డానికి పెళ్లివారు వస్తున్నారంటే ఇల్లు వదిలి వెళ్లిపోయిన పిల్ల తొమ్మిది రాత్రుల్లో తొమ్మిదిమంది మగవాళ్లను ఎదుర్కొంటుంది, వస్తానన్న వరుడు ఆమె ప్రేమించినవాడేనట. శశిరేఖ విషయంలోనూ అభిమన్యుడు మొదట పెద్దలు అనుకున్నవాడే. ఈ ఉపాయంతో సమ్మతి ప్రశ్న తేలకుండానే మాసిపోతుంది. ఈ మేరకు అభ్యంతరాన్ని నేను ఒప్పుకుంటాను. ‘గుండమ్మ కథ’లో లక్ష్మి పెళ్లి మరీ దారుణం: సవతి తల్లి ఇంటి చాకిరీ లెక్క చూసుకుని పనివాడిగా వచ్చినవాడికి ముడిపెట్టేస్తుంది, అతను మంచివాడు కావడం లక్ష్మి అదృష్టం. అయితే ముగింపులో తేలిందే సినిమా మొత్తం చెప్పిన మాట అనుకోవడం పొరపాటు. నవరాత్రి కథను రెండు ముక్కల్లో చెబితే ఇల్లు వదిలిన పిల్లకు బుద్ధి వచ్చిందనే తేలుతుంది. సినిమా చూస్తే, నాగేశ్వరరావు తొమ్మిది వేషాల సందడి మధ్య, ప్రతి రాత్రీ కొత్త మగవాడి ఎదుట తన అపాయాన్ని, అతని మంచిచెడ్డల్ని ఒక్క క్షణంలో కొలుచుకునే ఆడపిల్ల కళ్లు గుర్తుండిపోతాయి. తొమ్మిది పాత్రలు ఒక నటుడు వేశాడని పోస్టర్లు చాటాయి. ఆ తొమ్మిదిమందికీ తొమ్మిది రకాలుగా స్పందించిన నటి పనికి అంత పేరు రాలేదు. ముగింపు పెద్దలకు పోయిందేమో, రెండున్నర గంటలు మాత్రం ఆమెవే.

మూడోది అభ్యంతరం కంటే అలవాటు. సావిత్రి అనగానే సహనమూర్తి ఇల్లాలు, హరా అనగానే పెళ్లాడని ‘శాశ్వత కన్య’. హరా 1960ల మొదట్లో నటన మానుకుని, 2015లో చనిపోయేదాకా కామకురాలో లోకానికి దూరంగా బతికింది గనక, ఆమె నోరికోలను ఆమె జీవితానికి జోస్యాల్లా చదివారు. అప్పటికే పెళ్లయి ఉన్న జెమినీ గణేశన్‌ను సావిత్రి చేసుకుంది గనక, ఆమె వేసిన ప్రతి పెళ్లికూతురి కన్నీటినీ ఆమె సొంత కన్నీరుగా చదివారు. నటికి ఇంతకంటే అన్యాయం లేదు. ఏడవగలగడం, ఏడవకుండా ఉండగలగడం, రెండూ ఆమె నేర్చుకున్న విద్యలు. మగనటుల విషయంలో మనం విద్య అంటాం; ఆడవాళ్ల విషయంలో అనుభవం అంటాం. శశిరేఖ వేషంలో రంగారావును దించిన మనిషికి ఏ సొంత అనుభవం ఆధారమైంది? అది కేవలం గమనింపు, సాధన, తెలివి.

ఆ తెలివి కెమెరా వెనక్కి కూడా వెళ్లింది. 1968లో ఆమె ‘చిన్నారి పాపలు’కు దర్శకత్వం వహించింది, ముఖ్యమైన శాఖల్లో చాలావరకు ఆడవాళ్లే పనిచేసిన ఆ సినిమాకు పి. లీల సంగీతం. ఆ తర్వాతి ప్రయత్నాల్లో నా వాదనకు అన్నిటికంటే దగ్గరిది తమిళ ‘ప్రాప్తం’. ఆదుర్తి సుబ్బారావు తీసిన ‘మూగమనసులు’ 1964లో వచ్చింది; అందులో సావిత్రి వేసిన రాధ జమీందారు కూతురు, ఒకవైపు పడవ నడిపే గోపి ఆరాధన, మరోవైపు తన అంతస్తుకు తగిన పెళ్లి, ఆ వెంటనే వైధవ్యం. ఆ కథనే 1971లో ఆమె శివాజీ గణేశన్‌తో తమిళంలో నిర్మించి, దర్శకత్వం వహించి, అదే పాత్రను తనే మళ్లీ వేసింది. డబ్బు పోయింది, ఆమె పతనం కథలో ఒక మెట్టుగా తప్ప ఆ సినిమాను ఎవరూ తలుచుకోరు. కాని తను ఒకప్పుడు మరొకరి చెప్పుచేతల్లో వేసిన పెళ్లిపిల్లను, ఏడేళ్ల తర్వాత ఏ దృశ్యం ఎంతసేపుండాలో, కెమెరా ఎవరి వైపు నుంచి చూడాలో తనే నిర్ణయించుకునే స్థితిలో మళ్లీ వేసిన నటి మన సినిమా చరిత్రలో మరొకరు దొరకడం కష్టం. ఆ రెండు సినిమాలను దృశ్యం పక్కన దృశ్యం పెట్టి ఎవరైనా శ్రద్ధగా చదవాలి. రాధ పెళ్లి నిశ్చయమైన ఘట్టంలో ఆదుర్తి కెమెరా ఎక్కడుంది, సావిత్రి కెమెరా ఎక్కడుంది అన్నది అందులో మొదట చూడవలసిన సంగతి.